కంచరగాడిద మెడలో గంట

కిరీటం అయిపోయింది. రెండు చెవులూ అయిపోయాయి. నుదురు సగానికి వచ్చేసరికి వెంకటసుబ్బయ్య మిషన్ ఆపేశాడు.

కరెంటు పోయిందేమో అనుకుంది శైలజ. పైన ఫ్యాను తిరుగుతూనే ఉంది. రాయీ, దాన్ని చెక్కే బిట్టూ వేడెక్కకుండా నీళ్లు వదిలే సన్న గొట్టం కారుతూనే ఉంది. బూడిదరంగు నీళ్లు పలకరాయి అంచుదాకా పాకి కింద తొట్టిలో పడుతున్నాయి. వెంకటసుబ్బయ్య ముక్కుకు కట్టుకున్న తువ్వాలు కిందికి లాక్కుని, ఫోను కళ్లకు దూరంగా పెట్టి, పెదాలు కదుపుతూ ఏదో చదువుతున్నాడు.

"ఏంది బాబాయ్, మధ్యలో ఆపినావు?"

"ఏందో నోటీసంట పాపా, ఇంగ్లీషులో వచ్చినాది. నా పేరు ఉండాది, నీ పేరూ ఉండాది. కోర్టు అనే ముక్క మటుకు తెలిసింది."

పోలీసు జీపు రోడ్డున పోతుంటే షట్టరు సగం దించే మనిషి వెంకటసుబ్బయ్య. మార్కాపురంలో బడిపలకల పని తగ్గిపోయాక షెడ్డులో ఈ చెక్కే మిషన్ పెట్టి, పేరుబోర్డులూ సమాధి రాళ్లూ చేస్తున్నాడు. వాటికి కావలసిన బొమ్మలు కంప్యూటర్లో గీసిచ్చేది శైలజ. బస్టాండు పక్క సందులో ఆమెకో చిన్న డీటీపీ షాపు ఉంది. అతనికి గీత రాదు, ఆమెకు మిషన్ లేదు. అందుకని రోజుకోసారి పోట్లాడుకుంటూనే కలిసి పనిచేస్తుంటారు.

శైలజ ఫోను తీసుకుని చదివింది. హైదరాబాదులో విజయపతాక ఇమేజెస్ అనే కంపెనీ పంపింది. పాతకాలపు సైనిక చిహ్నాలను కంప్యూటర్లో మళ్లీ గీసి అమ్ముకోవడం వాళ్ల వ్యాపారమట. శైలజ ఇంటర్నెట్‌లో తన షాపు పేజీలో పెట్టిన కంచరగాడిద తల బొమ్మ తమ బొమ్మకు నకలట. దాన్ని వెంటనే తీసేయాలట. కాగితం మీదైనా, గుడ్డ మీదైనా, రాయి మీదైనా తమ అనుమతి లేకుండా వాడితే కోర్టుకు లాగుతారట. బొమ్మ పెట్టినప్పుడు చెక్కేది ఎవరో కూడా రాసింది కదా, అందుకని వెంకటసుబ్బయ్యకూ పంపారు. అడుగున వాళ్ల బొమ్మకు లింకు ఇచ్చారు.

లింకు నొక్కింది. తెరమీద తన బొమ్మే తనను చూసింది. కిరీటం కింద కంచరగాడిద తల, మెడలో గంట. దానిమీద ఆ చివర నుంచి ఈ చివరకు ఏటవాలుగా ఆ కంపెనీ పేరు. మన గేదె కొమ్ములకు ఎవరో రంగేసి వాళ్ల కొట్టంలో కట్టేసుకుని, మన మీదే కేసు పెట్టినట్టుంది. ఆమెకు ఒళ్లు మండిపోయింది.

"ఏమైంది బిడ్డా?" అన్నాడు బాలన్న. షెడ్డు మూల రాళ్ల దొంతి మీద పొద్దుటినుంచీ గొంతుక్కూర్చుని, రాయిలోంచి తండ్రి టోపీగుర్తు పైకి లేవడం చూస్తున్నాడు. తర్లుపాడు పక్క పల్లెలో గొర్రెలు కాసుకునే మనిషి, డెబ్బై దాటాయి. రాయి ఆయన తండ్రి చెన్నయ్యది. తెల్లవాళ్ల యుద్ధంలో బర్మా అడవుల్లో కంచరగాడిదల మీద తిండీ మందుగుండూ మోసిన సైనిక కంపెనీలో చెన్నయ్య పనిచేశాడు. యుద్ధం ముగిశాక ఆ కంపెనీనే ఎత్తేశారు. మిగిలింది బొటనవేలంత ఇత్తడి బిళ్ల. బాలన్న దాన్ని రొండిన దోపుకుని తిరుగుతాడు. ఈ వారం వచ్చే పెద్దల అమావాస్యకు తండ్రి గోరీ మీద ఆ గుర్తుతో రాయి నిలబెడతానని కులంలో అందరికీ చెప్పేశాడు.

శైలజ విషయం చెప్పింది.

"మా నాయన టోపీ మీదిది వాళ్లదెట్ల అయితాది?"

"టోపీ మీదిది కాదు పెద్దనాయనా, దాన్ని చూసి కంప్యూటర్లో గీసిన బొమ్మ వాళ్లదంట."

"గీసింది నువ్వు గదా? నా ముందర్నే గీసినావు."

గీసింది తనే. ఎండాకాలంలో ఈయన బిళ్ల తెచ్చిన రోజు ఆమెకు బాగా గుర్తుంది. ఏటా పెద్దల అమావాస్యకు దాన్ని చింతపండుతో, బూడిదతో తోమి, బొట్టు పెట్టి, పెద్దల కొత్తబట్టల మీద ఉంచడం వాళ్ల ఇంటి ఆనవాయితీ. అన్నేళ్లు అంత భక్తిగా తోమితే ఇత్తడి మాత్రం ఏం నిలుస్తుంది? కిరీటం, చెవులు బాగానే ఉన్నాయి. మెడ దగ్గర మాత్రం వాడిన సబ్బుబిళ్లలా నున్నగా అయిపోయి, గుండ్రంగా ఏదో ఉన్నట్టు పొడ మాత్రమే మిగిలింది. ఇక్కడ ఏముండేదని అడిగితే బాలన్న తడుముకోకుండా, "గంటే అయ్యుంటాది. ముందర నడిచే జీవానికి గంట లేకుండా ఎట్ల?" అన్నాడు. ఆయన మందలో గంట లేదు. అందుకని శైలజ తర్లుపాడు రోడ్డున పోతున్న వేరేవాళ్ల మందను ఆపి, ముందు నడిచే పొట్టేలు మెడలో గంటను నాలుగు వైపులా ఫొటో తీసుకుని మరీ గీసింది. ఆ బొమ్మ మొత్తంలో ఆమెకు బాగా నచ్చింది ఆ గంటే.

"ఇది తేలేదాకా నేను బిట్టు ఆనించను పాపా. కోర్టులు, జరిమానాలు నా వల్ల కాదు," అన్నాడు వెంకటసుబ్బయ్య.

"రాయిని బిగింపుల్లోంచి మటుకు తియ్యకు బాబాయ్. ఒక్క వెంట్రుకవాసి కదిలినా మళ్లీ కుదరదు."

"తియ్యను. ముట్టుకోను గూడా."

బాలన్న లేచి రాయి దగ్గరికొచ్చాడు. రెండు చెవులు, సగం నుదురు. కళ్లు ఇంకా రాలేదు. తువ్వాలు కొసతో రాయి మీది నీళ్లు అద్దుతూ, "గుడ్డిదాని మాదిరి ఉండాదే," అని మాత్రం అన్నాడు. అమావాస్యకు ఈ రాయి నిలబడాలి, అదీ తను ఎవరికీ తలొంచకుండా నిలబడాలి అని శైలజ అక్కడికక్కడే గట్టిగా అనుకుంది.

*

ఆ సాయంత్రమే నోటీసులో ఉన్న నంబరుకు ఫోను చేసింది. వీరేంద్ర అనే మనిషి మాట్లాడాడు. గొంతులో కోపం లేదు. బ్యాంకులో కొత్త ఖాతా తెరవమని అడిగేవాడిలా ఎంతో మర్యాదగా ఉంది.

"మేడమ్, మీరు చూసిందీ మేము చూసిందీ ఒకటే పాత బ్యాడ్జి. చూసి గీసినప్పుడు రెండూ ఒకేలా రాక ఎలా వస్తాయి? కాకపోతే మేము రిజిస్టర్ చేసుకున్నాం, మీరు చేసుకోలేదు."

"మీరు చూసిన బ్యాడ్జి ఎక్కడుందండీ?"

"మా ఆర్కైవ్‌లో ఉంది."

"దాని మెడలో గంట ఉందా?"

అవతల కీబోర్డు టకటకలు వినిపించాయి. "ఉంది కాబట్టే గీశాం మేడమ్."

"ఫొటో పంపండి, చూస్తాను."

"అది కంపెనీ రహస్యం." వీరేంద్ర నవ్వాడు. "అయినా మీరు చిన్న షాపువాళ్లు, మిమ్మల్ని ఇబ్బంది పెట్టడం మాకూ ఇష్టం లేదు. బొమ్మ మాదేనని ఒప్పుకుంటూ ఒక్క మెయిల్ పెట్టండి. మీ రాయి ఏదో ఉందిగా, దానికి అనుమతి ఈ రాత్రికే ఇచ్చేస్తాం. పైసా కట్టక్కర్లేదు."

ఫోను పెట్టేసి ఈ సంగతి చెప్పగానే వెంకటసుబ్బయ్య మొహం వెలిగిపోయింది. "పెట్టెయ్ పాపా! ఒక్క ముక్క. ఎవరికి నష్టం? రాయి అయిపోతాది, ఆయన పండగా అయిపోతాది."

"నా చేత్తో గీసింది వాళ్లదని నేనే రాసియ్యాల్నా?"

"రాస్తే వేళ్లు అరిగిపోతాయా?"

"అరిగిపోతాయి బాబాయ్," అంది శైలజ. వెంకటసుబ్బయ్య తల పట్టుకున్నాడు. బాలన్న తువ్వాలు భుజాన వేసుకున్నాడు. వెళ్తూ వెళ్తూ గుమ్మం దగ్గర ఆగి, "నాకోసమని అబద్ధం రాయొద్దులే బిడ్డా," అన్నాడు. అడిగినా రాసేది కాదు. కానీ ఆయన అడగకపోవడం ఆమెకు ఇంకా బరువనిపించింది.

*

లాయరు అనురాధ శైలజకు తెలిసిన మనిషే. మర్నాడు కోర్టు ఎదురుగా జిరాక్సు దుకాణం బెంచీ మీద కూర్చుని, నల్లకోటు మోచేతి మీద వేసుకుని, రెండు బొమ్మలూ పక్కపక్కన పెట్టి చూసింది.

"ముందు అసలు బ్యాడ్జి సంగతి చూద్దాం. అప్పటి సర్కారు చేయించింది. సర్కారు చేయించిన బొమ్మ మీద కాపీరైటు బయటికొచ్చిన కాడ్నుంచి అరవై ఏళ్లు. అదెప్పుడో తీరిపోయింది. ఇప్పటి సైన్యం గుర్తులంటే, మూడు సింహాల బొమ్మంటే వేరే చట్టాలు అడ్డమొస్తాయి. ఇది యుద్ధమైనాక ఎత్తేసిన కంపెనీది. దాన్ని ఎవరైనా గీసుకోవచ్చు."

"మరి చూసి గీసిన బొమ్మ?"

"ఉన్నదున్నట్టు గీస్తే కొత్తగా హక్కేమీ పుట్టదు. ఎంత కష్టపడ్డావు, ఎన్ని దినాలు కూర్చున్నావు అని చట్టం అడగదు. నీ సొంతంగా ఏం చేర్చినావు అని అడుగుతాది."

శైలజ మొహం చిన్నబోయింది. ఎండాకాలమంతా కళ్లు పోగొట్టుకుని చేసిన పని. "అంటే నాది కూడా కాదా అక్కా?"

"కాదు. వాళ్లదీ కాదు. కాకపోతే..." అనురాధ వేలు గంట మీద ఆగింది. "ఇది అసలు దాంట్లో ఉండిందా?"

"అరిగిపోయింది. మేము ఊహించి గీసినాం."

"అదీ సంగతి. అసలు దాంట్లో గంట ఉంటే, వాళ్లూ చూసి గీసినామంటారు, నువ్వేం చెయ్యలేవు. లేదనుకో, ఆ గంట నీ తలకాయలోంచి వచ్చింది. అది నీ సొత్తు. వాళ్ల బొమ్మలోకి అదెట్ల వచ్చిందో వాళ్లే చెప్పుకోవాల. ఎదురు నోటీసు నేను కొడతా. నష్టపరిహారం గూడా అడుగుదాం. అరగని బ్యాడ్జి ఒకటి పట్టుకురా."

అరగని బ్యాడ్జి ఎక్కడ దొరుకుతుంది? శైలజ బాలన్నకు ఫోను చేసింది. ఆయన కాసేపు ఆలోచించి, తండ్రితోబాటు అదే కంపెనీలో గిద్దలూరు మనిషి గంగయ్య అని ఒకాయన ఉండేవాడనీ, ఆయన తిరిగిరాలేదనీ, కోడలు నాగేంద్రమ్మ ఇంకా ఉందనీ చెప్పాడు. "మా నాయన బతికుండంగ ఒకసారి నన్ను ఎంటబెట్టుకుని పోయినాడు. ఇల్లు గుర్తుపడతా," అన్నాడు.

*

మర్నాడు పొద్దున్నే ఇద్దరూ బస్సెక్కి కంభం మీదుగా గిద్దలూరు చేరారు. దారంతా శైలజ దేవుణ్ణి ఒకటే కోరింది, గంట ఉండకూడదని. దేవుడికి ఎందరో ఎన్నో మొక్కుతారు గానీ, గాడిద మెడలో గంట లేకుండా చూడమని మొక్కింది బహుశా ఈమె ఒక్కతే.

నాగేంద్రమ్మ ఇల్లు ఊరి చివర ఉంది. రెండు మేకలు, రేకుల వసారా. ముసలావిడ మొదట వాళ్లను పించను కాగితాలవాళ్లనుకుని కసురుకుంది. తరువాత చెన్నయ్య కొడుకని తెలిసి, బాలన్న చెయ్యి పట్టుకుని మంచం మీద కూర్చోబెట్టుకుంది.

"మీ నాయన వచ్చి పోయినాడని మా అత్త చెప్తానే ఉండేది నాయనా. యుద్ధం అయినాక మొదట మా గడపకే వచ్చినాడంట, సొంతింటికి గూడా పోకుండ."

బిళ్ల మాట ఎత్తితే లోపలికి వెళ్లి, బియ్యం డబ్బా అడుగునుంచి గుడ్డమూట తెచ్చింది. విప్పింది. ఇత్తడి నల్లబడి ఉంది గానీ, ఒక్క గీత చెరగలేదు.

"ఇది ఆయన పెట్టుకున్నది కాదు. మనిషి రాలేదు, సర్కారోళ్లు పంపిస్తే ఇది వచ్చింది. మా అత్త దీన్ని తోమలేదు, మొక్కలేదు. కళ్లబడనియ్యకుండ పెట్టేసింది."

శైలజ దాన్ని వెలుగులోకి పట్టుకుంది. కిరీటం. చెవులు. పక్కనున్న స్టీలు పళ్లెం తీసి ఎండను దానిమీదికి ఏటవాలుగా తిప్పింది. మెడ మీద నీడ పడి గీతలు లేచాయి. చుట్టూ తోలుపట్టీ. కింద పట్టీని కలిపే గుండ్రటి ఇనుప కడియం. అంతే.

"గంట లేదు!" అని అరిచేసింది. "పెద్దనాయనా, లేదు! కడియమే ఉంది! గంట నాదే!"

మేకలు బెదిరి గుంజ చుట్టూ తిరిగాయి. నాగేంద్రమ్మ ఇద్దరివంకా మార్చి మార్చి చూసింది. "గంటేంది?"

ఆ సంబరంలో శైలజ ఫోనులో తన బొమ్మ తీసి ఆమె ముందు పెట్టింది. ముసలావిడ మొహం దగ్గరికి తెచ్చుకుని చూసి, వేడి గిన్నె తగిలినట్టు చెయ్యి వెనక్కి లాక్కుంది.

"తియ్యి. అవతలికి తియ్యి అది."

"ఏమైంది అవ్వా?"

"మా మామ పోయింది గంట మోతకే." నాగేంద్రమ్మ గొంతు పెంచలేదు. "అడవిలో శత్రువులు ఇనకుండ గాడిదలకు గంటలన్నీ ఊడబీకించేవాళ్లంట. గొలుసులకు గూడా గుడ్డ చుట్టేవాళ్లంట. ఆ పొద్దు వరసలో ఏ గాడిదకో ఒకదానికి ఉండిపోయింది. ఎవరూ చూసుకోలేదు. వాగు దాటేటప్పుడు మోగింది. అవతల గట్టు మీంచి కాల్చినారు. ముందర ఉన్నాయన మా మామ. మీ నాయన ఎనక ఉన్నాడు." ఆమె బాలన్న వైపు తిరిగింది. "ఈ గడపలో కూర్చుని మా అత్తకు ఈ మాట చెప్పి పోయినాడు. నీకు చెప్పలేదా?"

బాలన్న తల అడ్డంగా ఊపాడు. "మా నాయన మందకు గంట కట్టనిచ్చేవాడు కాదక్కా," అన్నాడు నేల చూస్తూ. "తిరణాలలో నేనొకటి కొనుకొస్తే బాయిలో పారేసినాడు. పిల్లప్పుడు. ఎందుకని అడిగితే కొట్టినాడు. చాదస్తం అనుకున్నా. నేనే... నేనే చెప్పినా ఈ బిడ్డకు, గంట పెట్టమని."

శైలజకు ఎక్కడ చూడాలో తెలియలేదు. ఇంతకుముందు తను వేసిన కేక ఆ వసారాలో ఇంకా ఉన్నట్టే అనిపించింది. ఫోను బ్యాగులో పెట్టేసి, ముసలావిడ కాళ్ల దగ్గర కూర్చుంది.

"తప్పైపోయింది అవ్వా. సరిచేస్తాను. దీన్ని ఫొటో తీసుకోనిస్తావా?"

నాగేంద్రమ్మ బిళ్లను అరచేతిలో అటూ ఇటూ తిప్పింది. "ఉన్నది ఉన్నట్టు గీస్తావా?"

"ఉన్నది ఉన్నట్టే."

ఎండ నడినెత్తికి వచ్చేదాకా ఆ పనే చేసింది శైలజ. నల్లగుడ్డ తడిపి దానిమీద బిళ్ల పెట్టింది. పళ్లేన్ని ఒక్కో వైపునుంచి ఒరగబెట్టి, వెలుగు మార్చి మార్చి తీసింది. పళ్లెం పట్టుకుంది బాలన్నే.

*

తిరుగు బస్సులో అనురాధకు ఫోను చేసి, కడియం సంగతి చెప్పింది.

"మరింకేం! గెలిచినట్టే. ఈ రాత్రికే నోటీసు రాస్తా."

"రాయి మీద గంట పెట్టడం లేదక్కా." ఎందుకో కూడా చెప్పింది.

అవతల అనురాధ కొంచెం తగ్గింది. "అయ్యో. సరే, రాయి వేరు, కేసు వేరు. రాయి మీద తీసెయ్. గంట నేను గీసిందే, వీళ్లు ఎత్తుకుపోయినారు అని కేసు వెయ్యడానికి అడ్డమేమీ లేదు. నీ సొత్తు అదొక్కటే గదా శైలజా. దాన్నీ వదులుకుంటే ఇంక నీకేమీ ఉండదు, ఆలోచించుకో."

ఆలోచించుకుంది. బస్సు కంభం దాటేదాకా ఆలోచించింది. వీరేంద్ర నవ్వు గుర్తొచ్చి పళ్లు కొరుక్కుంది కూడా. వాణ్ణి బోనులో నిలబెట్టి, ఈ గంట ఎక్కడిదిరా అని అడిగించాలని ఎంతగానో ఉంది. కానీ అడగాలంటే తను కూడా అక్కడ నిలబడి ఈ గంట నాదీ, నా సొంతం, నా కష్టం అని చెప్పాలి. కళ్లముందు నాగేంద్రమ్మ వెనక్కి లాక్కున్న చెయ్యి కదిలింది. అదేమీ సొత్తు కాదు. తెలియక చేసిన పొరపాటు. దాన్ని పట్టుకుని వేలాడి ఎవరిమీద గెలిచినా ఏం గెలిచినట్టు?

పక్కన బాలన్న కిటికీలోంచి కందిచేల వైపు చూస్తున్నాడు. "కేసు ఏస్తావా బిడ్డా?"

"లేదు పెద్దనాయనా. అట్లని వాళ్లదని ఒప్పుకునేదీ లేదు."

షాపుకు చేరగానే కంప్యూటరు ముందు కూర్చుంది. కొత్త ఫొటో అడుగున పెట్టి, పాత గీతను దానిమీద పరిచి చూసింది. కిరీటం కుదిరింది. చెవులు కుదిరాయి. నుదురు కుదిరింది. చెక్కిన మేరకు రాయిలో తప్పు లేదు. నోటీసు ఇంకాసేపు ఆగి వచ్చి ఉంటే బిట్టు మెడ దాకా దిగి ఉండేది, రాయి గతి ఏమయ్యేదో. ఆ మాటకు విజయపతాకవాళ్లకు ఒక దండం పెట్టాలి అనుకుని నవ్వుకుంది. తరువాత గంట మీద నొక్కి, చెరిపేసింది. చెరపడానికి ఒక్క మీట చాలు. ఆ ఖాళీలో కడియాన్నీ పట్టీనీ ఒక్కో గీతా చూసుకుంటూ గీయడానికి మాత్రం షాపు మూసే వేళ దాటింది.

పాత బొమ్మ తీసేసి, కొత్తది పేజీలో పెట్టింది. కింద తెలుగులో ఇలా రాసింది: "ఇంతకుముందు ఈ పేజీలో పెట్టిన కంచరగాడిద గుర్తులో గంట ఉంది. అది నేను చేసిన తప్పు. అసలు గుర్తులో గంట లేదు, కడియం ఉంది. ఆ సైనిక కంపెనీవాళ్లు యుద్ధంలో గంటలు తీసేసి నడిచారు. ఉన్నది ఉన్నట్టు గీసిన ఈ బొమ్మ నాది కాదు, ఎవరిదీ కాదు. ఆ మనుషుల ఇళ్లవాళ్లు, కావలసినవాళ్లు ఎవరైనా తీసుకోవచ్చు."

*

పొద్దున శైలజ షెడ్డుకు వెళ్లేసరికి వెంకటసుబ్బయ్య చేతులు కట్టుకుని నిలబడి ఉన్నాడు. అనురాధ చేత అతనితో ఫోనులో మాట్లాడించింది. అతను పదిసార్లు "నిజంగానా మేడమ్?" అని అడిగాడు. అయినా చెయ్యి మీట మీదికి పోలేదు.

"సరే బాబాయ్, నువ్వు బయట టీ తాగిరా. మిషన్ నేను నడుపుతా. ఎవరైనా అడిగితే నాకేం తెలీదను."

"నువ్వా? నీకు బిట్టు మార్చడం గూడా రాదు."

"నేర్చుకుంటా. ఇయ్యాలే నేర్చుకుంటా."

ఆమె నిజంగానే తువ్వాలు ముక్కుకు కట్టుకుని, నీళ్ల గొట్టం తిప్పి, మిషన్ దగ్గరికి వెళ్లింది. బిట్టు బిగించే పానా అటుది ఇటు పెట్టింది. వెంకటసుబ్బయ్య అది చూడలేకపోయాడు. "తప్పుకో తల్లీ, తప్పుకో! ముప్పైయేళ్ల పని నాది, నీ చేతిలో రాయి పగిల్తే నేను సచ్చినట్టే," అని ఆమెను పక్కకు నెట్టి, తిట్టుకుంటూనే బిట్టును రాయికి ఆనించాడు. కొత్త బొమ్మతో మిషన్ మొదలైంది. సగంలో ఆగిన నుదురు పూర్తయింది. కళ్లు వచ్చాయి. పొద్దున్నే వచ్చి కూర్చున్న బాలన్న రాళ్ల దొంతి మీదనుంచి దిగి వచ్చి దగ్గరగా నిలబడ్డాడు.

బిట్టు మెడ మీద ఉండగా వీరేంద్ర ఫోను చేశాడు. ఈసారి గొంతులో మర్యాద కొంచెం పలచబడింది.

"మేడమ్, మీ పేజీలో అదేం రాతండీ? మా బొమ్మ తప్పని మీరు బహిరంగంగా రాశారు. మా దగ్గర కొనుక్కున్నవాళ్లు అడుగుతున్నారు."

"మీ బొమ్మ అని నేనెక్కడ రాశానండీ? నా బొమ్మ తప్పని రాశాను."

"రెండూ ఒకటే కదా!"

"ఒకటేనా?" శైలజ మిషన్ మోతకు దూరంగా గుమ్మంలోకి వచ్చింది. "అయితే సరే. అది నేను గీసిందని మీరు ఒప్పుకుంటే తప్పు నాది. కాదు, మీరే గీశారంటే తప్పు మీది. మీ ఆర్కైవ్‌లో గంట ఉన్న బ్యాడ్జి ఉందన్నారు. దాని ఫొటో పెట్టండి, నేను రాసింది ఈ నిమిషమే తీసేస్తాను. ఏదో ఒకటి తేల్చుకుని చెప్పండి, ఇక్కడే ఉంటాను."

అవతల ఎవరితోనో గుసగుసలాడిన చప్పుడు వినిపించింది. తరువాత లైను కట్టయింది. మధ్యాహ్నానికి ఆ లింకు నొక్కితే బొమ్మ కనబడలేదు. క్షమాపణ ఏమీ రాలేదు. శైలజ దానికోసం చూడనూ లేదు.

*

అమావాస్యనాడు చేను గట్టున ఉన్న గోరీ మీద రాయి నిలబెట్టారు. బూడిదనలుపు పలకరాయి మీద చెన్నయ్య పేరు, పైన ఆ గుర్తు. బాలన్న ఇంటివాళ్లు, పల్లెలో కులంవాళ్లు వచ్చారు. రాయి ముందు విస్తరి వేసి, అన్నం, గారెలు, మాంసం కూర పెట్టారు. చెన్నయ్యకిష్టమని ఒక చుట్ట కూడా పెట్టారు. వెంకటసుబ్బయ్య తను చెక్కిన కడియం మీద వేలు పెట్టి వచ్చినవాళ్లందరికీ చూపిస్తున్నాడు. నోటీసు సంగతి తనకు మొదటినుంచీ లెక్కలేనట్టు చెబుతున్నాడు.

అప్పుడు ఆటో దిగింది నాగేంద్రమ్మ. శైలజే ఫోను చేసి చెప్పింది గానీ, ఈ వయసులో ఇంత దూరం వస్తుందనుకోలేదు. ముసలావిడ కర్ర పొడుచుకుంటూ గట్టెక్కి, ఎవరినీ పలకరించకుండా రాయి ముందు కూర్చుంది. వేళ్లతో కిరీటం తడిమింది. చెవులు తడిమింది. మెడ దగ్గర వేలు చాలాసేపు నిలిచింది. తరువాత సంచిలోంచి ఒక విస్తరి తీసి పరిచింది. అన్నం మూట విప్పింది.

బాలన్న చిన్నాయన కొడుకొకడు ముందుకొచ్చి, "అవ్వా, ఇది మా పెద్దనాయన రాయి. నీ విస్తరి ఈడ..." అని నసిగాడు.

"పేరు మీదే నాయనా. నేను పేరును ముట్టుకోను." ఆమె చేత్తో గుర్తు చూపించింది. "ఇది మా మామది గూడా. మాకు రాయి లేదు, గోరీ లేదు. విస్తరేస్తే పోయినాడని ఒప్పుకున్నట్టేనని మా అత్త బతికున్నన్ని దినాలూ వెయ్యలేదు. ఆమె వెయ్యలేదని నేనూ వెయ్యలేదు. ఇన్నేండ్లకు ఆయన మొగం కనిపించినట్టుండాది నాకు. వెయ్యనీ."

బాలన్న వంగి, తండ్రి విస్తరిని రెండు చేతులా పట్టుకుని ఒక పక్కకు జరిపాడు. రాయి ముందు రెండు విస్తళ్లకు సరిగ్గా చోటయింది.

ముసలావిడ ముద్దలు పెట్టింది. నీళ్లకోసం అటూ ఇటూ చూస్తే, శైలజ చెంబు అందించి పక్కన కూర్చుంది. నాగేంద్రమ్మ విస్తరి చుట్టూ నీళ్లు తిప్పి, పెళ్లై వచ్చేనాటికే లేని మనిషిని, ఎన్నడూ చూడని మనిషిని, మొదటిసారి పిలిచింది.

"రా మామా. అన్నం తిను."